కల్పిత లోకమునకు పంచాంగము

ఈ సంచికకు రచనలు కోరుచు ప్రకటన అంటించిన మూడవనాడు తొమ్మిదవ తరగతి విద్యార్థి యొకడు ఒక కథను వ్రాసికొని నా గదికి వచ్చెను. అందులో వజ్రపురి యను రాజ్యము, దానికొక రాజు, వానికొక శత్రువు, ఆకాశమున రెండు చంద్రబింబములు ఉన్నవి. ఇట్టి కథలు ఏటేట వచ్చుచునే యుండును. కాని యీ బాలుడు కథ చివర ఒక పుట నిండ గళ్లు గీసి వజ్రపురి పంచాంగమును గూడ జతపరచినాడు. సంవత్సరమునకు 10 మాసములు, మాసమునకు 36 దినములు, వెరసి 360. మాసములకు రత్నముల పేర్లు పెట్టినాడు.

"మాసమునకు 36 దినములేల?" అని అడిగితిని.

"లెక్కకు సులభముగా ఉంటుందని పెట్టినాను సార్."

"చంద్రులు ఇద్దరున్నారు గదా. ఏ చంద్రునికి ఎన్నవ దినమున పున్నమి?"

వాడు కొంతసేపు ఆలోచించి, "చంద్రులు రాత్రిపూట వెలుగు కొరకు మాత్రమే సార్" అనెను.

నవ్వు వచ్చినది గాని ఆపుకొంటిని. పంచాంగమును కల్పింప బూనుట తప్పుగాదు; గొప్ప గొప్పవారు ఆ పని చేసియున్నారు. అయితే ఆకాశమును చూడక గళ్లు గీసిన యెడల అది పంచాంగము కాదు, కాలనిర్ణయ పట్టిక మాత్రమే. మన పాఠశాలలో గంటల పట్టికను నేనే వ్రాయుదును గనుక ఆ రెంటికిని గల భేదము నాకు బాగుగా తెలియును. కావున వానిని కూర్చుండబెట్టి, "వజ్రపురి సంగతి తరువాత చూతము. మీ వీధిలో ఎన్ని పంచాంగములున్నవో మొదట చెప్పు" అంటిని. ఆనాడు వానికి చెప్పినదియు, సమయము చాలక చెప్పలేకపోయినదియు ఇచట వ్రాయుచున్నాను.

వేలూరు గాని గుడియాత్తము గాని, మన ఇండ్లలో గోడకు వ్రేలాడు దినసరి క్యాలెండరును చూడుడు. దినమున కొక కాగితము చింపుదుము. ఆ చిన్న కాగితముపై ఇంగ్లీషు తేది, తమిళ తేది, మహమ్మదీయ మాసపు తేది, తిథి, నక్షత్రము అన్నియు అచ్చువేయబడి యుండును. ఒకే దినమునకు ఇన్ని పేర్లు! ప్రతి పేరు వెనుకను ఆకాశమును చూచిన ఒక పద్ధతి యున్నది.

మన తెలుగువారిది చాంద్రమానము. అమావాస్య మరునాడు మొదలై మరల అమావాస్యతో ముగియునది మన మాసము. దాని సగటు పరిమాణము 29.53 దినములు. ఇట్టి మాసములు పండ్రెండు కలిపినచో 354 దినములకు కొంచెము మించును. సూర్యుడు పండ్రెండు రాశులును చుట్టి వచ్చుటకో, 365 దినములు దాటును. నడుమ సుమారు 11 దినముల కొరత. దానిని అట్లే వదలినచో ఉగాది చలికాలమునకును, పిదప వానకాలమునకును జారిపోవును. అందుచేత రెండు అమావాస్యల నడుమ సూర్యుడు రాశి మారనిచో ఆ మాసమును అధికమాసమని పేరిడి, లెక్కలో చేర్చియు చేర్చనట్లుగా ఉంచిరి. 19 ఏండ్లలో ఇట్టివి ఏడు వచ్చును. 2023లో అధిక శ్రావణము వచ్చినది. 2026లోనిది అధిక జ్యేష్ఠము.

మన పొరుగువారిది సౌరమానము. సూర్యుడు రాశి మారిన క్షణము అస్తమయమునకు ముందైనచో ఆనాడే, తరువాతనైనచో మరునాడు వారి మాసము మొదలగును. చంద్రునితో పనిలేదు, అధికమాసమును లేదు. సూర్యుని నడక ఏడాది పొడుగున ఒకే వేగముతో ఉండదు గనుక ఎండకాలపు మాసము 32 దినముల వరకు పెరుగును. మార్గళి 29 దినములకే ముగియుటయు కలదు. విచిత్రమేమనగా ప్రభవాది 60 సంవత్సరముల పేర్లు ఉభయులకును ఒకటే. అవి మారు దినము మాత్రమే వేరు. 2023లో మన ఉగాది మార్చి 22న వచ్చినది. 2024లో ఏప్రిల్ 9, 2025లో మార్చి 30, 2026లో మార్చి 19. వారి చిత్తిరై మొదటి దినము మాత్రము ఈ నాలుగేండ్లును ఏప్రిల్ 14. అనగా 2024లో మనము పొరుగింటివారికంటె 5 దినములు ముందుగా క్రోధి సంవత్సరమున ప్రవేశించితిమి. 2026లో పరాభవ సంవత్సరమునకు 26 దినములు ముందుగా చేరితిమి. గోడ కీవల ఒక సంవత్సరము, ఆవల వేరొక సంవత్సరము. నడుమ పాలు, పెరుగు, చింతపండు ఇచ్చిపుచ్చుకొనుట కేమియు ఆటంకము రాలేదు.

గుడియాత్తము గంగమ్మ శిరస్సు ఉత్సవము ఎరుగనివారు మనలో లేరు. అది వైకాసి మొదటి దినమున, అనగా మే నెల నడుమ జరుగును. ఆనాడు కౌండిన్య నది ఒడ్డున తెలుగువారెవరో తమిళులెవరో గుర్తింప శక్యము గాదు. మన లెక్కలో చూచినచో ఆ ఉత్సవము 2023లో బహుళ పక్షమునందు, 2024లో శుద్ధ పక్షమునందు వచ్చినది. ఆ తల్లికి సూర్యునితోనే పని. అట్లని తమిళులు సూర్యుని మాత్రమే నమ్మిరనుట సరిగాదు. వినాయక చవితికిని దీపావళికిని వారును తిథినే చూతురు. మనమును సంక్రాంతికి, ధనుర్మాసమునకు సూర్యునే చూతుము. శుద్ధ చాంద్రమానము కావలెనన్నచో పేర్నంబట్టు మహమ్మదీయ సోదరుల నడుగవలెను. వారికి అధికమాసము లేదు. అందుచేతనే రంజాను సుమారు 33 ఏండ్లలో ఎండ, వాన, చలి అన్నిటిని చుట్టి వచ్చును.

2008లో తమిళనాడు శాసనసభ తై మాసము మొదటి దినమే సంవత్సరాది యని చట్టము చేసినది. 2011లో అది రద్దయినది. ఆ నడుమ మా వీధివారు చిత్తిరై మొదటినాడు మామిడికాయ, వేపపూత పచ్చడి మానినట్లు నేనెరుగను.

ఇంతవరకు విని ఆ బాలుడు, "ఇన్ని ఎందుకు సార్, ఇంగ్లీషు తేది ఒకటి చాలదా?" అనెను. ఈ ప్రశ్నకు పుస్తకములనుండి సమాధానము చెప్పవచ్చును గాని, నాకు తగిలిన దెబ్బనే చెప్పితిని.

మా తండ్రిగారు 1996 జనవరి 10వ తేది రాత్రి కాలము చేసిరి. అది పుష్య బహుళ పంచమి. నేనప్పుడు కొత్తగా ఉపాధ్యాయ వృత్తిలో చేరినవాడను. మరుసటి యేడు ఆబ్దికమునకు సెలవు కావలసివచ్చినది. సెలవు చీటిలో తిథి వ్రాయుటకు గడి యుండదు. తేది వ్రాయుటకే యుండును. నేనును సైన్సు చదివినవాడనను గర్వముతో, భూమి సూర్యుని ఒకసారి చుట్టివచ్చిన దినమే అసలైన సాంవత్సరికమని నిశ్చయించి, 1997 జనవరి 10న సెలవు పెట్టి ఇంటికి పోయితిని. మా పెద్ద మేనత్త అరుగుమీద కూర్చుండి యున్నది. ఆమెకు అక్షరము రాదు. నేను వచ్చిన పని చెప్పగా లోపలికి పోయి చిన్న పిడత ఒకటి తెచ్చి నా ముందు బోర్లించినది. అందులో 12 చింతగింజలున్నవి. మా తండ్రిగారు పోయిన నాటినుండి బహుళ పంచమి వచ్చినపుడెల్ల ఒక గింజ వేయుచు వచ్చినదట.

"ఈ యేడు అధికం వచ్చింది గదరా నాయనా. పదమూడో గింజ ఇంకా పడలేదు. మీ నాయనకు ఇంకా పద్దెనిమిది రోజులుంది" అన్నది.

నేను వాదించితిని. భూమి, సూర్యుడు, కక్ష్య అని ఏమేమో చెప్పితిని. ఆమె అంతయు వినెను. రాత్రి భోజనములైన తరువాత నన్ను వాకిటికి పిలిచి, "మీ నాయన పోయిన రాత్రి ఏడ్చి ఏడ్చి తల ఎత్తితే ఆ చెట్టు పక్కన చంద్రుడు పొడుస్తా ఉండె. నీకు గుర్తుందా? ఇప్పుడు చూడు, ఏడీ?" అన్నది.

ఆకాశమున చంద్రుడు లేడు. అమావాస్య వెళ్లిన మరునాడది. ధాత నామ సంవత్సరమున ఆషాఢము అధికమైనందున తిథి వెనుకకు పోయినదని అప్పుడు గదా నాకు తోచినది! నా లెక్క తప్పుగాదు. భూమి ఆ స్థానమునకు వచ్చిన మాట నిజమే. కాని ఆ రాత్రి మేము చూచిన ఆకాశము మరల వచ్చుటకు ఇంకను 18 దినములు పట్టును. జనవరి 28న మరల సెలవు పెట్టి వచ్చితిని. రెండు సెలవు లేలనని పై అధికారి అడిగినపుడు నాకు సమాధానము తోచలేదు.

బాలుడు ఏమియు మాట్లాడక తన పుటలోని గళ్లవంక చూచుచుండెను. అప్పుడు వానికి మన పూర్వులు ఇతర లోకములకు కల్పించిన పంచాంగములను గూర్చి చెప్పితిని. కల్పిత లోకమునకు కాలము నిర్ణయించుట నేటి కథకులు క్రొత్తగా కనిపెట్టిన విద్య కాదు.

మన సిద్ధాంత గ్రంథములలో మానవుల దినము వేరు, పితరుల దినము వేరు, దేవతల దినము వేరు. పితృదేవతలు చంద్రుని ఆవలి వైపున, మనకు కనబడని ముఖముపై నుందురని చెప్పిరి. అచట నున్నవారికి మన అమావాస్యనాడు సూర్యుడు నడినెత్తిన ఉండును. అది వారికి మధ్యాహ్నము, భోజన సమయము. అందుచేతనే అమావాస్యకు తర్పణము. మన మాస మొకటి వారి కొక దినము. దీనిని నమ్ముట, నమ్మకుండుట వేరు మాట. లెక్క మాత్రము నిక్కము. చంద్రునిపై ఒక పగలు, ఒక రాత్రి కలిసి 29.53 భూదినములే. 2023 ఆగస్టు 23న, నిజ శ్రావణ శుద్ధ సప్తమినాడు, చంద్రయాన్-3 చంద్రునిపై దిగినది. అచట అప్పుడే తెల్లవారుచుండెను. ఎండతో పనిచేయు యంత్రము గనుక ఆ ఒక్క పగలు, అనగా మన లెక్కకు సుమారు 14 దినములు, పనిచేయుటకే దానిని నిర్మించిరి. సెప్టెంబరు మొదటి వారమున దానిని నిద్రపుచ్చిరి.

దేవతలు మేరువుమీద, అనగా ఉత్తర ధ్రువమున నుందురు. వారికి ఆరు మాసములు పగలు, ఆరు మాసములు రాత్రి. దక్షిణ ధ్రువమందలి అసురులకు ఇది తలక్రిందులు. ఉత్తరాయణమే దేవతల పగలని లోకమున వాడుక. సూర్యసిద్ధాంతము మాత్రము సూర్యుడు మేషమున ప్రవేశించునపుడు వారికి ఉదయించునని చెప్పును. ధ్రువమున నిలిచి చూచిన అదియే సరియైనది. ఆ గ్రంథమును కూర్చినవాడు ధ్రువమునకు పోయి చూచినవాడు కాడు. గోళమును మనస్సులో త్రిప్పి చూచినవాడు. కల్పన యన అట్లుండవలెను!

మన సంవత్సర మొకటి దేవతల కొక దినము. అట్టి దినములు 360 వారికొక సంవత్సరము. అట్టి సంవత్సరములు 12,000 ఒక మహాయుగము. మన లెక్కలో 43,20,000 ఏండ్లు. దానికి వేయి రెట్లు, 432 కోట్ల ఏండ్లు, బ్రహ్మకు ఒక పగలు. దాని పేరే కల్పము. క్రిందికి దిగినను ఇదే నేర్పు. దినమునకు 60 ఘడియలు, ఘడియకు 60 విఘడియలు, విఘడియకు 6 ప్రాణములు. అనగా దినమునకు 21,600 ప్రాణములు. ప్రాణమన ఒక్క ఊపిరి. వృత్తమును 360 భాగలుగాను, భాగను 60 కళలుగాను విభజించినచో వచ్చునదియు 21,600 కళలే. మనిషి ఊపిరిని, ఆకాశపు చుట్టుకొలతను ఒకే సంఖ్యకు ముడివేసిన ఈ బుద్ధిని నేను ఎన్నిమార్లు తలచినను తనివి తీరదు.

ఆరు మాసముల పగలని విన్నంతనే బాలుడు కన్నులు విప్పెను. అంతకంటె పెద్ద పగళ్లు నిజముగానే ఉన్నవి. యురేనస్ గ్రహము సూర్యుని చుట్టుటకు 84 ఏండ్లు పట్టును. దాని అక్షము దాదాపు అడ్డముగా పడుకొని యున్నందున దాని ధ్రువములయందు 42 ఏండ్లు పగలు, 42 ఏండ్లు రాత్రి. 1977 మార్చి 10న ఆ గ్రహము ఒక నక్షత్రమును కప్పినపుడు దాని చుట్టు వలయములున్నట్లు తెలిసినది. ఆ దృశ్యమును నమోదు చేసినవారిలో జవ్వాది కొండలమీది కావలూరు వేధశాలవారును ఉన్నారు. 2019లో జిల్లా విభజన జరుగువరకు కావలూరు మన వేలూరు జిల్లాలోనిదే. ఇప్పుడు తిరుప్పత్తూరు జిల్లాలో చేరినది.

ఇక మనుష్యులు బుద్ధిపూర్వకముగా నిర్మించిన పంచాంగములు. ఫ్రాన్సు విప్లవకారులు 1793లో మాసమునకు 30 దినములు, వారమునకు 10 దినములు గల పంచాంగమును ప్రవేశపెట్టిరి. లెక్క ముచ్చటగానే యున్నది. కాని ఏడవనాటి విశ్రాంతి పదవనాటికి పోయినచో కూలివాడు ఊరకుండునా? 1806 జనవరి 1న నెపోలియన్ దానిని రద్దుచేసెను. మన దేశమునను సుమారు 30 పంచాంగములున్నవని గమనించి 1952లో మేఘనాథ్ సాహా అధ్యక్షతన ఒక సంఘమును నియమించిరి. ఆ సంఘము సూచించిన జాతీయ పంచాంగము 1957 మార్చి 22న, శక 1879 చైత్రము 1వ తేదిగా, అమలునకు వచ్చినది. ప్రభుత్వ గెజెటులో నేటికిని ఆ తేది కనబడును. శాస్త్రీయత విషయమున దానికి వంక పెట్టజాలము. కాని ఆ చైత్రమునకు చంద్రునితో సంబంధము లేదు. ఆ మాసమున మన చైత్రమునకు గల పేరే గాని పండుగ లేదు. 2023లో మాత్రము మన ఉగాదియు ఆ చైత్రము 1వ తేదియు ఒకేనాడు వచ్చినవి. ఆ సంగతి గమనించినవారు మా బంధువర్గములో నేను తప్ప మరియొకరు లేరు.

కథకొరకు కల్పించినవారిలో ఇంగ్లండు పండితుడు టోల్కీన్ ఒకడు. 1954, 1955లలో వెలువడిన తన పెద్ద కథయొక్క అనుబంధమున ఒక చిన్న జాతి జనులకు పంచాంగము నిచ్చెను. 30 దినముల మాసములు పండ్రెండు. మిగిలిన దినములు ఏ మాసమునకును చెందక పండుగలగును. అందొక దినమునకు వారము పేరే లేదు. అందుచేత ఏ తేది ఏ వారమో ఏటేట మారదు. ఆ మిగులు దినములను దాచక పండుగ చేసినందుకే నాకు ఆయన మీద గౌరవము.

కుజ గ్రహమునకును పంచాంగమున్నది. 1985లో థామస్ గంగేల్ అను అమెరికా దేశీయుడు దానిని రచించి తన కుమారుని పేర ప్రకటించెను. కుజుని దినము 24 గంటల 39 నిమిషములకు కొంచెము హెచ్చు. సంవత్సరమునకు అట్టి దినములు సుమారు 668.6. వానిని 27, 28 దినముల మాసములు 24గా విభజించినాడు. 24 పేర్లు ఎక్కడినుండి తెచ్చుట? రాశుల లాటిను పేర్లు పండ్రెండు, వాని సంస్కృత నామములు పండ్రెండు, ఒకటి విడిచి ఒకటి పేర్చినాడు. సాజిటేరియస్ తరువాత ధనుస్సు, కాప్రికార్నస్ తరువాత మకరము! మన పురోహితుడు సంక్రాంతినాడు చెప్పు మాట కుజునిపై మాసమైనది. కుజునికి చంద్రులు ఇద్దరున్నను ఏ మాసమును వారిని అనుసరింపదు. పెద్దచంద్రుడు ఎనిమిది గంటలలోపే గ్రహమును చుట్టివచ్చును. వానితో మాసములు లెక్కించుట సాధ్యముగాదు.

"అట్లయితే నా చంద్రులు నెమ్మదిగా తిరుగవలె సార్" అని బాలుడు కలము తీసెను. ఇరువురమును కూర్చుండి లెక్క వేసితిమి. పెద్దచంద్రునికి పున్నమినుండి పున్నమికి 26 దినములు, చిన్నచంద్రునికి 10, సంవత్సరమునకు 396 దినములని వాడే నిర్ణయించెను. పెద్దచంద్రుని మాసములు 15 కలిపిన 390, మిగులు 6. ఏటికి 6 చొప్పున 13 ఏండ్లకు 78 దినములు, అనగా సరిగా 3 మాసములు. కావున 13 ఏండ్లలో 3 అధికమాసములు. అధికము వలదన్నచో పండుగ తిరిగి తన ఋతువునకు వచ్చుటకు 66 ఏండ్లు. ఇద్దరు చంద్రులకును ఒకేనాడు పున్నమి 130 దినముల కొకసారి వచ్చును. దానిని జంటపున్నమి యని వాడే పేరు పెట్టెను. ఏటికి అట్టివి మూడు; మొదటిది సంవత్సరపు తొలి ఆరు దినములలో పడినచో ఆ యేడు నాలుగు.

మరునాడు వాడు తన పొరుగింటి మిత్రుని వెంటబెట్టుకొని వచ్చెను. ఆ బాలుడు తమిళ మాధ్యమమున చదువువాడు. వజ్రపురి నదికి ఆవలి ఒడ్డువారు చంద్రులను లెక్కింపరనియు, సూర్యుని బట్టియే మాసములు చేయుదురనియు వాడు పట్టుబట్టెనట. అందుమీద ఇద్దరును వాదించుకొని, తుదకు నది కిరుప్రక్కల రెండు సంవత్సరాదులు పెట్టినారు. రాజు ఏ ఒడ్డున నుండునో ఇంకను తేలలేదు. కథ ఈ సంచికలోనే అచ్చయినది. పట్టికలో 9వ సంవత్సరపు అధికమాసము వద్ద నాకు కొంచెము అనుమానమున్నది. గణితము బాగుగా వచ్చిన పై తరగతివారు సరిచూచి నాకు తెలియజేయవలెను.